పేకాటకు ప్రమాణకర్త: ఎడ్మండ్ హాయిల్



నేతవృత్తివారి మహాసభలో పేకాటను గూర్చి ప్రసంగించుట కొందఱికి వింతగా దోచవచ్చును. మనకు పేక యనగా పడుగున కడ్డముగా సాగెడి నూలు. లోకమునకు పేక యనగా ముక్కల కట్ట. ఈ రెండవ పేక యెన్ని కాపురములను జెఱచినదో మన మెఱుగుదుము. దానిని పొగడుట మా యుద్దేశము గాదు. ఆ యాటలపై గ్రంథములు వ్రాసి, రెండున్నఱ శతాబ్దములకు మించి పేరు నిలుపుకొన్న యొక లేఖకుని చరిత్రమునుండి మనము గ్రహింపదగినది కలదు. దానినే మనవి చేసెదము.

లండను నగరమున ఎడ్మండ్ హాయిల్ అను నాతడు ధనికులకు విస్టు అను పేకాటను నేర్పుచుండెను. ఇది నలుగురాడు నాట. ఎదురెదురుగా గూర్చున్న యిరువు రొక పక్షము. 52 ముక్కలను తలకు 13 చొప్పున బంచి, కడపటి ముక్క యే జాతిదో దానినే తురుపుగా నెన్నుదురు. చూచుటకు సులభము, ఎదుటివారి చేతిలో నేమున్నదో యూహించుట కష్టము. ఇందలి మెలకువలు చాలవఱకు ఆటగాండ్ర నోటనే యుండెడివి. హాయిల్ వానిని గూర్చి, దాదాపు 70 ఏండ్ల వయస్సున, 1742లో ఒక చిన్న పొత్తముగా బ్రకటించెను. దాని వెల యొక గినీ; అనగా 21 షిల్లింగులు.

కొలదికాలముననే దొంగముద్రణములు బయలుదేరెను. అంతట హాయిల్ తన ప్రతులపై స్వహస్తముతో సంతకము చేసి, సంతకము లేనిది తనది కాదని చాటెను. మరమగ్గపు బట్టను చేనేతయని యమ్ముట చూచుచున్న మనకు ఈ బాధ క్రొత్తది కాదు. 2006లో నేర్పడిన హ్యాండ్‌లూమ్ మార్కు అట్టి సంతకమే కదా!

ఆతని కలము విస్టుతో నాగలేదు. బ్యాక్‌గామన్, పికెట్, క్వాడ్రిల్, బ్రాగ్, చదరంగము మున్నగు నాటలపై వరుసగా వ్రాసెను. 1754లో, ఆటలయందు అదృష్టమును లెక్కగట్టు విధమును సామాన్యులకు దెలియునట్లు వివరించెను. 1769 ఆగస్టు 29న లండనులో మరణించెను. పిమ్మట సుమారు నూఱేండ్లు, అనగా 1864లో ఆర్లింగ్టన్, పోర్ట్‌లండ్ క్లబ్బులు క్రొత్త నిబంధనల నంగీకరించువఱకు, విస్టుకు ఆతని వ్రాతయే ప్రమాణము. ఆతని మరణానంతరము పుట్టిన పోకరు ఆటవారు సైతము 1979లో తమ కీర్తిమందిరమున ఆతనికి స్థాన మిచ్చిరి. సక్రమముగా జరిగిన పనిని “హాయిల్ ప్రకారము” జరిగినదనుట ఇంగ్లీషువారి వాడుక.

హాయిల్ విస్టును కల్పించినవాడు గాడు. ఉన్నదానిని అందఱకు దెలియునట్లు వ్రాసెను; అంతియే. నోటిమాట బిగ్గఱగా బలుకువాని పక్షమున మొగ్గును. వ్రాత అందఱకు సమముగా నుండును. తగవు వచ్చినపుడు తెఱచి చూచుటకు పొత్త ముండుటచేతనే ఆతని మాట చెల్లినది.

వినోదమునకై పుట్టిన యాటకే యింత శాస్త్ర మేర్పడగా, అన్నము పెట్టిన మన వృత్తి మాట యేమి? ఆసు పోయుట, గంజి పట్టించుట, అచ్చతుకుట, రంగుల పాళ్లు — ఇవి నేటికిని వృద్ధుల చేతులలోనే యెక్కువగా నున్నవి. బిడ్డలు పట్టణములకు బోవుచున్నారు; మగ్గపుగుంటలు పూడుచున్నవి. ఒక వృద్ధ నేతగాడు గతించిన, ఎవరును వ్రాయని యొక గ్రంథము గతించినట్లే.

కావున మా ప్రార్థన యిది. చదువుకొన్న యువకులును యువతులును తమ తమ గ్రామములందలి పెద్దల చెంత గూర్చుండి, వారి పనిని వారి మాటలలోనే వ్రాసికొనవలెను. చెప్పినవారి పేరును, ఊరును తప్పక చేర్చవలెను. రాబోవు వార్షిక సంచికలో ఆ వ్రాతలకు కొన్ని పుటలు కేటాయింప బడుగాక. డెబ్బదియేండ్ల వయస్సున హాయిల్ కలము పట్టెను. మన పెద్దలకును ఆలస్యము కాలేదు.