మనం నడిచిన బాట కాగితం మీదికి ఎక్కాలి



ఈ రోజు పట్టా గురించి కాదు, బాట గురించి మాట్లాడతాను. భూమి లాక్కుంటే మనం కలెక్టరేట్ దాకా వెళ్తాం. బాట మూసేస్తే మాత్రం "సర్లే, చుట్టూ తిరిగి పోదాం" అంటాం. ఆ "సర్లే" దగ్గరే మన హక్కు పోతోంది.

మన పరిస్థితి మీకు తెలుసు. రావికమతం, రోలుగుంట, గొలుగొండ, నాతవరం, మాడుగుల, చీడికాడ, దేవరాపల్లి మండలాల్లో కొండ దిగువనున్న చాలా ఆదివాసీ ఊళ్లు ఐదో షెడ్యూలులో లేవు. 2022 ఏప్రిల్ 4న కొత్త జిల్లాలు వచ్చినప్పుడు పాడేరు ఏజెన్సీ అల్లూరి జిల్లాలోకి వెళ్లింది, మనం అనకాపల్లిలో ఉండిపోయాం. ఏజెన్సీలో ఉన్న 1/70 రక్షణ ఇక్కడ లేదు. పక్కనున్న జీడితోట జిరాయితీ అయితే ఎవరైనా కొనుక్కోవచ్చు. కొన్నవాళ్లు ముందు వేసేది కంచె. తాతల నాటి నుంచి సంతకీ, బడికీ, శ్మశానానికీ నడిచిన బాట ఆ కంచె లోపల ఉండిపోతుంది.

"ఇది నా సొంత భూమి, ఎలా వస్తారు?" అంటే మీ దగ్గర జవాబు ఉండాలి. ముందు ఆ బాట ఏ రకమో తేల్చుకోండి.

ఒకటి, సర్కారు బాట. గ్రామపటంలో, ఎఫ్ఎంబీలో డొంకగానో రస్తా పోరంబోకుగానో ఉంటే అది ఎవరి సొంతమూ కాదు. 1905 నాటి భూ ఆక్రమణల చట్టం కింద తహసీల్దారు ఆ కంచె తీయించవచ్చు.

రెండు, అలవాటుగా నడిచిన బాట. 1882 నాటి ఈజ్‌మెంట్ చట్టం సెక్షన్ 15 ప్రకారం, వేరొకరి భూమి మీదుగా 20 ఏళ్లు బహిరంగంగా, తగువు లేకుండా, ఆగకుండా, హక్కుగా నడిస్తే అది హక్కే. భూమి అతనిదే, నడక మనది. సర్కారు భూమి అయితే 30 ఏళ్లు కావాలి.

మూడు, వేరే దారే లేని బాట. ఇక్కడ చాలామంది పొరబడతారు. దారి లేకపోవడం ఒక్కటే చాలదు. మీ భూమీ, అతని భూమీ ఒకప్పుడు ఒకే యజమానివై, పంపకంలోనో అమ్మకంలోనో విడిపోయి ఉండాలి. వేరే దారి వస్తే ఈ హక్కు పోతుంది. 2024 ఏప్రిల్‌లో మహారాష్ట్ర నుంచి వచ్చిన ఒక దారి కేసులో సుప్రీంకోర్టు చెప్పింది కూడా ఇదే: 20 ఏళ్లు నడిచినట్టు రుజువు లేదు, వేరే దారి ఉంది, కాబట్టి హక్కు లేదు.

"హక్కుగా" అన్న మాట మరచిపోకండి. "సరే, నడవండి, కానీ నా అనుమతితో నడుస్తున్నామని కాగితం మీద రాసివ్వండి" అంటారు. మంచిగా మాట్లాడాడని వేలిముద్ర వేయొద్దు. అనుమతితో నడిచింది హక్కుగా నడిచినట్టు కాదు. వకీలుకి చూపించాకే సంతకం.

ఇక గడువులు. దారి మూసిన రెండేళ్లలోపు సివిల్ కోర్టులో దావా పడాలి. మూసిన సంగతి తెలిసీ ఏడాది ఊరుకుంటే, మన నడక ఆగినట్టే లెక్క. గొడవ ముదిరి కొట్లాట అయ్యేలా ఉంటే బీఎన్ఎస్ఎస్ సెక్షన్ 166 కింద ఆర్డీవో దగ్గరికి వెళ్లవచ్చు. పాత చట్టంలో అది 147. ఏడాది పొడవునా నడిచే బాట అయితే, ఫిర్యాదుకి ముందు మూడు నెలల్లో మీరు ఆ బాట వాడి ఉండాలి. అందుకే ఎదురుచూస్తే నష్టం మనకే.

కష్టమైన మాట ఒకటి చెప్పాలి. కాలిబాట హక్కు ఉంటే బండి హక్కు ఉన్నట్టు కాదు. సెక్షన్ 28 అదే చెబుతోంది. అంటే డోలీ వెళ్లిన బాటలో 108 వెళ్లే హక్కు దానంతట అది రాదు. ఎడ్లబండి, ఆటో ఎప్పటి నుంచి వెళ్తున్నాయో కూడా రాసిపెట్టుకోండి. మధ్యలో అడవి ఉంటే అటవీ హక్కుల చట్టం సెక్షన్ 3(2) కింద గ్రామసభ సిఫార్సుతో రోడ్డుకి ఒక హెక్టారు లోపు భూమి ఇవ్వవచ్చు. ఆ చట్టానికి షెడ్యూలు ప్రాంతం కానక్కర్లేదు. మధ్యలో జిరాయితీ ఉంటే యజమానితో రిజిస్టరు దస్తావేజు రాయించుకోవాలి, లేదా సర్కారు పరిహారం ఇచ్చి ఆ భూమి సేకరించాలి.

ఆదివాసీలు కాబట్టే దారికి అడ్డుపడితే ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం ఉంది. కానీ ప్రతి గట్టు తగాదానీ ఆ కేసు చేయొద్దు, నిజమైన కేసు బలహీనపడుతుంది. మనలో మనమూ బాటలు మూసుకుంటున్నాం. అన్నదమ్ములు పంచుకునేటప్పుడు పై చెక్కకి దారి ఎటు నుంచో పంపకం కాగితంలోనే రాయండి.

మరి ఇప్పుడేం చేయాలి? మీ ఊరి బాటలన్నీ పెద్దవాళ్లతో కలిసి నడవండి. ఏ సర్వే నంబరు మీదుగా వెళ్తున్నాయో, ఎంత వెడల్పో, ఎవరు ఎన్నేళ్లుగా నడుస్తున్నారో రాయండి, ఫోటో తీయండి. ఎఫ్ఎంబీ నకలుకి అర్జీ పెట్టండి. రీసర్వే బృందం వస్తే బాట పటంలో పడిందో లేదో అక్కడే చూడండి. పడకపోతే రాతపూర్వకంగా అభ్యంతరం ఇచ్చి రసీదు తీసుకోండి. వకీలు ఖర్చుకి భయపడొద్దు. 1987 నాటి చట్టం ప్రకారం ఎస్టీలకి ఆదాయంతో పని లేకుండా ఉచిత న్యాయసాయం ఉంది. నంబరు 15100.

రేపు కోర్టులో "20 ఏళ్లుగా నడుస్తున్నాం" అని సాక్ష్యం చెప్పగలిగేది మన తాతలూ అమ్మమ్మలే. వాళ్లు ఉండగానే ఆ మాట రాసిపెట్టుకుందాం.

జై ఆదివాసీ.