పాత ఇంటి నేల చెప్పు మాట
(ఉగాది సభలో చేసిన ప్రసంగ పాఠము)



ఉగాది పచ్చడి రుచి ఇంకను నాలుకపై నుండగనే మమ్ములను మాట్లాడుమని నిలువబెట్టినారు. తీపి మాటలన్నియు ముందు వక్తలు చెప్పివేసినారు. చేదును పులుపును మా వంతునకు మిగిలినవి. కొంచెము ఓపికతో వినవలెనని ప్రార్థన.

మనలో పెక్కుమంది గంజాం, బరంపురం ప్రాంతములనుండి వచ్చి ఈ నగరమున స్థిరపడినవారము. అక్కడ మన పెద్దల ఇండ్లు కొన్ని తాళము వేసియున్నవి. కొన్ని అమ్ముడుపోయినవి. కొన్ని పడగొట్టి మేడలు లేపినారు. ఆ ఇండ్ల క్రింది నేలను గురించి నాలుగు మాటలు మనవి చేయుదుము.

ముందుగా మా తప్పు మేము ఒప్పుకొనవలెను. మాది నేతపని కుటుంబము. కొన్నియేండ్ల క్రిందట బరంపురంలో మా తాతగారి వాటా పడగొట్టించితిమి. నడవలో పునాది తీయుచుండగా నల్లని మెత్తటి మట్టితో నిండిన గుంట యొకటి కనబడినది. అందులో గాజుముక్కలు, పగిలిన పిడతలు, రెండు దమ్మిడీలు, అరిగిపోయిన నాడె మొన ఒకటి ఉన్నవి. మేస్త్రీ "ఏదో పాత గొయ్యి బాబూ" అన్నాడు. మేమును "సరే కానీ" అంటిమి. సాయంత్రమునకు ఇటుక ముక్కలు పోసి పూడ్చివేసినారు. మరునాడు మా మేనత్త వచ్చి విని, "అయ్యో, అది మీ ముత్తాత కాళ్లు దింపుకుని నేసిన మగ్గం గుంట కదర్రా!" అని కూలబడినది. అప్పటికే దానిపై సిమెంటు పడినది.

పురావస్తు శాస్త్రము తెలిసినవారు ఆ గుంటను చూచినచో ఏమి చేసియుందురో పిమ్మట చదివి తెలిసికొంటిమి. వారు నేలను చదరములుగా గీతలు గీసి, పొర తరువాత పొరగా తీయుదురు. క్రింది పొర పాతది, పై పొర క్రొత్తది. తీసిన మట్టిని జల్లెడ పట్టుదురు. దొరికిన వస్తువుకంటె అది దొరికిన చోటు ముఖ్యమందురు. పొరలో ఒక దమ్మిడీ దొరికినదనుకొనుడు. దానిపై 1862 అని యున్నచో, ఆ మట్టి 1862నకు ముందు అక్కడ పడియుండుటకు వీలులేదు. ఆ దమ్మిడీని కడిగి జేబులో వేసికొంటిమా, అది వట్టి రాగి బిళ్ల.

ఇట్టి త్రవ్వకములు రాజుల కోటలకే గాని మన కొంపలకెందుకని మీరు అడుగవచ్చును. అమెరికాలో జరిగిన సంగతి వినుడు. న్యూయార్కు నగరమున ఫైవ్ పాయింట్స్ అను పేట యుండెడిది. ఐర్లండు మొదలైన దేశములనుండి పొట్ట చేతబట్టుకొని వలసవచ్చిన కూలివారు అందు కాపురముండిరి. 1842లో ఛార్లెస్ డికెన్సు అంతటివాడు ఆ పేటను చూచి, మురికికూపమని వ్రాసినాడు. లోకమంతయు అదే నమ్మినది. 1991లో అక్కడ న్యాయస్థాన భవనము కట్టబోవుచు, పాత పెరళ్లలోని నూతులను, మరుగుదొడ్ల గుంటలను శాస్త్రజ్ఞులచేత త్రవ్వించిరి. సుమారు ఎనిమిదిన్నర లక్షల వస్తువులు బయటపడినవి. అందులో టీ త్రాగు పింగాణీ కప్పులు, సాసర్లు, బట్టలు కుట్టువారి సామగ్రి ఉన్నవి. ఆ పేదవారును ఇల్లు తీర్చుకొని, నలుగురిని పిలిచి, మర్యాదగా బ్రతుకవలెనని తంటాలు పడినవారే అని నేల సాక్ష్యము చెప్పినది. వలసవచ్చిన మనకు ఆ సాక్ష్యము విలువ వేరుగ చెప్పవలెనా?

ఆ వస్తువులను ప్రపంచ వాణిజ్య కేంద్రమునకు చెందిన ఒక భవనపు నేలమాళిగలో దాచిరి. 2001 సెప్టెంబరు 11న ఆ భవనము నాశనమైనది. ఎరువు పోయియున్న పదునెనిమిది వస్తువులు మాత్రము మిగిలినవి. కాని ఏది ఎచ్చట, ఎంత లోతున దొరికినదో ముందే వ్రాసిపెట్టిరి. వస్తువులు పోయినను కథ దక్కినది. మా మగ్గం గుంటకు ఆ వ్రాతయు లేదు.

మన వైపునకు వత్తము. భువనేశ్వరము చెంతనున్న శిశుపాలగఢమున 1948లో బి. బి. లాల్‌గారు త్రవ్వకములు జరిపిరి. 2005 మొదలు పూనా దక్కను కళాశాలకు చెందిన మహంతిగారును, అమెరికానుండి వచ్చిన మోనికా స్మిత్‌గారును కోట లోపలి ఇండ్లను కూడ పరిశీలించిరి. ఆ నగరమున ఇరువది, ఇరువదియైదు వేలమంది నివసించియుండవచ్చునని వారి అంచనా. మన గంజాం జిల్లాలోనే ఋషికుల్యా తీరమున జౌగడ యున్నది. అశోకుని శాసనములు గల ఆ చోట 1956-57లో దేబలా మిత్రగారు త్రవ్వించిరి. శాసనము రాజు మాట చెప్పును. ఆ ఊరి ఇల్లాలి మాట కుండపెంకులే చెప్పవలెను.

గంజాం పట్టణమునే చూడుడు. 1768లో కాట్స్‌ఫర్డు దొర కట్టించిన పోటాగఢ కోటను గురించి పుస్తకములలో కలదు. 1815లో విషజ్వరము వచ్చి ఎందరో చనిపోయిరి. ఊరి వైభవము పోయి, కచ్చేరీలు తరలిపోయినవి. ఆ జ్వరమునకు వాకిళ్లు వదలిపోయిన సామాన్యుల కథ నేలలోనే యున్నది. బరంపురంలో రెండేండ్లకొకసారి ఠాకురాణీ జాతరకు అమ్మవారు దేశీబెహరా వారి వీధికి పుట్టింటి కూతురువలె వచ్చును. ఆ జాతర ఇప్పటికిని నిలిచినది. చుట్టునున్న నేతవారి పాత ఇండ్లు నిలుచునా?

ఇల్లు పడగొట్టవద్దని మేము అనుటలేదు. పిల్లలు పెరిగినారు, గదులు చాలవు, వాసాలకు చెదలు పట్టినవి. పడగొట్టుటకు ముందు అరుగు, నడవ, నుయ్యి, మగ్గపుచోటు అడుగుల లెక్కతో కాగితముపై గీయుడు. ఫొటోలు తీయుడు. ఏ గదిలో ఎవరు పుట్టిరో, ఎవరు కన్నుమూసిరో పెద్దలనడిగి వ్రాసికొనుడు. పునాదిలో ఏదైన కనబడినచో పని ఒక పూట ఆపించి, ఏ గదిలో, ఎంత లోతున దొరికినదో చీటీ వ్రాసి వస్తువుతో కూడ సంచిలో ఉంచుడు. పురావస్తుశాఖ వారికి కబురు పంపుడు. లంకెబిందెలకై మీరే త్రవ్వకుడు. పది రూపాయలకు మించిన నిధి దొరికినచో కలెక్టరుగారికి తెలుపవలెనని 1878 నాటి చట్టము చెప్పుచున్నది.

మా చిన్నతాతగారి వాటా ఇంకను నిలిచియున్నది. వచ్చు వేసవిలో అదియు పడనున్నది. ఈమారు మేము కొలతబద్దయు, కాగితమును, జల్లెడయు పట్టుకొని ముందే పోవుదుము. మా మేనత్తను కుర్చీ వేసి నడవలో కూర్చుండబెట్టుదుము. మేస్త్రీ "ఏదో పాత గొయ్యి" అన్నచో, ఆమె చెప్పునది విన్న పిమ్మటనే పార ఎత్తవలెనని నిశ్చయించుకొంటిమి.

మీ ఇండ్లయందును అట్టి పెద్దలుందురు. ఈ ఏడు సెలవులకు ఊరు వెళ్లినప్పుడు వారిని అడుగుడు.