తెర వెనక చొప్ప చప్పుడు
(స్వర్ణోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠం)

 

"సినిమాల్లో ఉన్నావంట గదా, ఎప్పుడూ కనపడవే?" అని పొద్దున్నుంచి నలుగురు అడిగినారు. నాది కనపడే పని కాదు, వినపడే పని. నేను సౌండ్ ఇంజనీరును.

ఆళ్లగడ్డ పక్క పల్లె నుంచి వచ్చి, నంద్యాలలో హాస్టల్లో ఉండి ఈ బడిలో చదివినాను. ఒకరోజు సైన్సు సారు ట్యూనింగ్ ఫోర్కును కొట్టి నీళ్ల గ్లాసులో ముంచితే నీళ్లు చివ్వున చిందినాయి. శబ్దాన్ని కంటితో చూసిన రోజది. అనంతపురంలో ఎలక్ట్రానిక్స్ చదివి, హైదరాబాదులో ఒక రికార్డింగు స్టూడియోలో యంత్రాలు బాగుచేసే పనిలో చేరినాను. బాగుచేస్తూనే రికార్డింగు నేర్చుకున్నాను.

సినిమాకు సెకనుకు 24 ఫ్రేములు. షూటింగులో క్లాప్ కొట్టేది ఆర్భాటానికి కాదు. ఆ చెక్కలు కలిసిన ఫ్రేమునూ, 'టప్' మన్న శబ్దాన్నీ ఒకచోట చేరిస్తేనే బొమ్మా మాటా కలిసి నడుస్తాయి. మన సినిమాల్లో మాటలు చాలామటుకు తర్వాత డబ్బింగులో చెప్పినవే. అప్పుడు అడుగుల చప్పుడు, గాజుల గలగల, తలుపు కిర్రుమనడం స్టూడియోలో మళ్లీ పుట్టించాలి. దీన్నే ఫోలీ అంటారు. హాలీవుడ్‌లో ఈ పనికి దారి వేసిన జాక్ ఫోలీ పేరే దానికి నిలిచింది. గుర్రపు డెక్కలకు కొబ్బరి చిప్పలు కొట్టడం పాత చిట్కా.

ఒక సినిమాలో రైతు కోసిన జొన్నచేలో నడవాలి. స్టూడియోలో ఏం తొక్కినా ఆ చప్పుడు రాలేదు. ఊరికి పోయి గోనెసంచి నిండా చొప్ప తెచ్చినాను. "చొప్ప తినేది ఎనుములు గదరా, సినిమావోళ్లు గూడా తింటాండారా?" అని నాయన నవ్వినాడు.

సినిమా ఆళ్లగడ్డకు వచ్చినప్పుడు అమ్మను తీసుకుపోయినాను. అమ్మకు చదువు రాదు. పేరు పడగానే చూపించాలని ఆత్రంగా కూర్చున్నా. టైటిల్స్ అయిపోయినాయి. నా పేరు లేదు. నిర్మాణ సంస్థ వాళ్లు మరిచిపోయినారు.

"వచ్చిందా నాయనా?" అనింది అమ్మ.

"వచ్చింది మా" అన్నాను.

ఆ రోజు నా జేబులో బెంగుళూరు కంపెనీ ఉద్యోగం ఉత్తరం ఉంది. పోదామనే అనుకున్నా. ఇంతలో జొన్నచేను సీను వచ్చింది. అమ్మ నా చెయ్యి పట్టుకుని, "ఇది మన చేను గదరా!" అనింది. ఆ ఉత్తరానికి నేను జవాబు రాయలేదు.

అమ్మకు అబద్ధం చెప్పిన సంగతి ఆమె పోయేదాకా చెప్పలేకపోయినాను. మొదటిసారి ఈ రోజు మీ ముందు చెప్తున్నాను.

పిల్లలూ, ఓర్వకల్లు రాళ్లు మీరు చూసే ఉంటారు. 2013లో 'బాహుబలి' షూటింగు అక్కడే మొదలైంది. సినిమా అంటే హీరో ఒక్కడే కాదు. శబ్దం, కెమెరా, ఎడిటింగు, గ్రాఫిక్స్ ఇవన్నీ బతుకునిచ్చే చదువులే. పూణే, కలకత్తా ఫిల్ము ఇన్‌స్టిట్యూట్లలో నేర్పిస్తారు. లెక్కలు, సైన్సు మాత్రం వదలొద్దు. పనిలో చేరినప్పుడు జీతంతో పాటు టైటిల్స్‌లో పేరు కూడా కాగితం మీద రాయించుకోండి. నేను అడగలేదు, మీరు అడగండి.

ఆ సైన్సు సారు పేరు కూడా నా ఏ సినిమాలోనూ పడలేదు. పడాల్సిన మొదటి పేరు ఆయనదే.

సెలవు.