పోప్ ప్రయాణాలు – మన తాండాలకు ఒక పాఠం

(తాండూరులో సేవాలాల్ మహరాజ్ జయంతి సభలో యువతను ఉద్దేశించి చేసిన ప్రసంగ పాఠం)

 జై సేవాలాల్.

సేవాలాల్ మహరాజ్ గురించి నాకన్నా ముందు మాట్లాడినవాళ్లు చక్కగా చెప్పారు. నేను మళ్లీ అదే చెప్పి మీ భోజనం ఆలస్యం చేయను. ఈ రోజు నేను పోప్ ప్రయాణాల గురించి మాట్లాడతాను. జయంతి నాడు పోప్ సంగతి ఏంది సార్ అని మీరు నవ్వుకోవచ్చు. నేను ఏ మతం తరఫునా మాట్లాడటం లేదు. ఏ మతంలోకీ రమ్మనడం లేదు, ఏ మతాన్నీ తిట్టడం లేదు. ఒక పెద్దాయన గిరిజనుల దగ్గరకు ఎందుకు వెళ్లాల్సి వచ్చిందో, ఆ వెళ్లేలా చేసింది ఎవరో, అందులో మనకు పనికొచ్చేది ఏముందో, అంతే చెబుతాను.

ముందు ఒక చిత్రమైన సంగతి. 2016లో సరిగ్గా ఫిబ్రవరి 15న, అంటే మనం ఇక్కడ జయంతి చేసుకుంటున్న రోజునే, పోప్ ఫ్రాన్సిస్ మెక్సికో దేశంలో చియాపాస్ అనే రాష్ట్రానికి వెళ్లారు. అది మాయా గిరిజనుల ప్రాంతం. శాన్ క్రిస్టోబల్ అనే ఊళ్లో పెద్ద ప్రార్థన జరిగింది. అందులో చదువులు, పాటలు త్సోత్సిల్, త్సెల్తాల్, చోల్ భాషల్లో వినిపించాయి. అవి అక్కడి గిరిజనులు ఇంట్లో మాట్లాడుకునే భాషలు, మనకు గోర్‌బోలి లాంటివి. పోప్ కూడా తన ప్రసంగంలో త్సోత్సిల్ మాటలు పలికారు. మీ భూములు లాక్కున్నారు, మీ సంస్కృతిని తక్కువ చేశారు, మేమందరం మిమ్మల్ని క్షమించమని అడగడం నేర్చుకోవాలి అనే అర్థంలో మాట్లాడారు. ఆ ప్రాంతానికి చాలా ఏళ్లు బిషప్‌గా ఉండి, గిరిజనుల భాషలు నేర్చుకుని వాళ్ల పక్షాన నిలిచిన సామ్యూల్ రూయిజ్ సమాధి దగ్గర ప్రార్థించారు.

పోప్‌లు ఇలా దేశాలు తిరగడం పాత అలవాటేమీ కాదు. 1964లో పాల్ 6 విమానమెక్కిన మొదటి పోప్ అయ్యారు. అదే ఏడాది డిసెంబర్‌లో బొంబాయి వచ్చారు. మన దేశానికి వచ్చిన మొదటి పోప్ ఆయనే. తర్వాత జాన్ పాల్ 2 తన 26 ఏళ్ల కాలంలో 104 విదేశీ యాత్రలు చేశారు. ఫ్రాన్సిస్ 47 చేశారు. ఫ్రాన్సిస్ మన దేశానికి మాత్రం రాలేదు. రావాలనుకున్నా కుదరకుండానే 2025 ఏప్రిల్ 21న కన్నుమూశారు.

జాన్ పాల్ 2 1986 ఫిబ్రవరిలో మన దేశమంతా తిరిగారు. మద్రాసు వెళ్లారు, గోవా వెళ్లారు, కేరళ వెళ్లారు. ఫిబ్రవరి 3న రాంచీ వెళ్లారు. అప్పటికి అది బీహార్‌లో ఉండేది. రాంచీ అంటే ముండాలు, ఉరావ్‌లు ఉండే ఆదివాసీ ప్రాంతం. ఉరావ్‌ల కుడుఖ్ భాష మన తెలుగుకు చుట్టమే, రెండూ ద్రావిడ కుటుంబానివే. ఆ రోజు అక్కడ పోప్‌కు ఆతిథ్యమిచ్చిన రాంచీ ఆర్చ్‌బిషప్ టెలెస్ఫోర్ టోప్పో ఉరావ్ ఆదివాసీ బిడ్డ. 2003లో ఆయన కార్డినల్ అయ్యారు. ఆసియా ఆదివాసీల్లో ఆ స్థానానికి చేరిన మొదటివాడు ఆయనే.

అయితే ఈ రోజు నేను ముఖ్యంగా చెప్పదలచుకున్నది కెనడా సంగతి.

ఆ దేశంలో 1880ల నుంచి గిరిజన పిల్లలకోసం హాస్టల్ బడులు నడిపారు. డబ్బు ప్రభుత్వానిది, నడిపింది చర్చిలు. అందులో ఎక్కువ భాగం క్యాథలిక్ చర్చి చేతిలో ఉండేవి. ఏళ్లు గడిచేకొద్దీ చట్టం పేరు చెప్పి పిల్లల్ని తల్లుల చేతుల్లోంచి తీసుకుపోయారు. వెళ్లగానే జుట్టు కత్తిరించేవాళ్లు. తమ భాష మాట్లాడితే కొట్టేవాళ్లు. చాలా చోట్ల పేరుకు బదులు నంబరు ఉండేది. మొత్తం లక్షా యాభై వేలకు పైగా పిల్లలు ఆ బడుల్లో పెరిగారు. వేలమంది ఇంటికి తిరిగి రాలేదు. చివరి బడి మూతపడింది 1990లలో. అంటే ఇది తాతల కాలం నాటి కథ కాదు, మీ అమ్మానాన్నల వయసువాళ్ల కథ.

చాలాకాలం ఎవరూ నోరు విప్పలేదు. సిగ్గు, భయం. 1990లో ఫిల్ ఫాంటేన్ అనే గిరిజన నాయకుడు, బడిలో నా మీద కూడా అఘాయిత్యం జరిగింది అని టీవీలో బాహాటంగా చెప్పారు. ఒక నాయకుడు అంత మాట చెప్పడం చూసి మిగతావాళ్లకు ధైర్యం వచ్చింది. కేసులు వేశారు, పోరాడారు. 2008లో సత్యం, సయోధ్య కోసం ఒక కమిషన్ ఏర్పడింది. అది ఊరూరా తిరిగి ఆరున్నర వేలకు పైగా మంది మాటలు విన్నది, రికార్డు చేసింది. 2015లో 94 పిలుపులు ఇచ్చింది. అందులో 58వది ఏమిటంటే, పోప్ కెనడాకు వచ్చి, మా నేల మీద నిలబడి క్షమాపణ చెప్పాలి, అదీ ఒక ఏడాదిలోపు.

ఏడాది గడిచింది, రాలేదు. రెండేళ్లు, మూడేళ్లు గడిచాయి. వీళ్లు ఊరుకోలేదు. 2022 మార్చి చివర్లో వాళ్లే రోమ్ వెళ్లారు. ఫస్ట్ నేషన్స్, మెటిస్, ఇన్యూట్ ప్రతినిధులు పోప్ ఎదురుగా కూర్చుని తమ కథలు చెప్పారు. ఒక మహిళా నాయకురాలు మెత్తని తోలుతో కుట్టిన రెండు జతల చిన్నపిల్లల జోళ్లు ఆయన చేతిలో పెట్టారు. ఇవి ఇంటికి రాని పిల్లల గుర్తు, మీరు మా దేశం వచ్చినప్పుడు తిరిగి తీసుకురండి అన్నారు. ఎంత తెలివైన మాట చూడండి. కానుక కాదది, ఒప్పందం. ఇల్లు కదలక తప్పకుండా చేసింది.

2022 జూలైలో పోప్ వెళ్లారు. అప్పటికి ఆయనకు 85 ఏళ్లు. మోకాలి నొప్పితో చక్రాల కుర్చీలో తిరుగుతున్నారు. ఇది పర్యటన కాదు, ప్రాయశ్చిత్త యాత్ర అని ఆయనే చెప్పుకున్నారు. జూలై 25న ఆల్బెర్టాలో మాస్క్‌వాసిస్ అనే చోట, పాత హాస్టల్ బడి ఉన్న నేల మీద క్షమించమని అడిగారు. ఆ జోళ్లు తిరిగి ఇచ్చారు. ఆ సభలో ఒక క్రీ మహిళ లేచి నిలబడి, కన్నీళ్లు కారుతుండగా తన క్రీ భాషలో పాడింది. ఆ భాషను చంపడానికే ఆ బడి పెట్టారు. అదే నేల మీద, పోప్ ఎదుట, ఆ భాష ఇంకా బతికి ఉందని ఆమె గొంతు చెప్పింది.

అందరికీ తృప్తి కలిగిందా అంటే, లేదు. కొంతమంది పెద్దలు ఏడ్చి, బరువు దిగింది అన్నారు. మరికొంతమంది, తప్పు చేసిన మనుషుల తరఫున క్షమాపణ అడిగారు కానీ చర్చి సంస్థగా చేసిన తప్పు గట్టిగా చెప్పలేదు అన్నారు. 1400లలో పోప్‌లు ఇచ్చిన ఆజ్ఞాపత్రాలను అడ్డం పెట్టుకునే మా భూములు తీసుకున్నారు, వాటి మాటేమిటి అని అడిగారు. తిరుగు విమానంలో విలేకరులు అడిగితే పోప్ అక్కడ జరిగింది జాతి నిర్మూలన అని ఒప్పుకున్నారు. 2023 మార్చి 30న వాటికన్ ఆ పాత భూ సిద్ధాంతాన్ని కాదంటూ ప్రకటన ఇచ్చింది. ఫ్రాన్సిస్ తర్వాత వచ్చిన పోప్ లియో 14, వాటికన్ మ్యూజియంలో ఉన్న గిరిజనుల వస్తువులు 62ను 2025 నవంబర్‌లో తిరిగి అప్పగించారు. ఒక్క ముక్కలో చెప్పాలంటే, క్షమాపణతో పని అయిపోలేదు. అడిగేవాళ్లు అడుగుతూనే ఉన్నారు, అందుకే కొంచెం కొంచెం కదులుతోంది.

ఇదే కెనడాలో మరో సంగతి. 1984 సెప్టెంబర్‌లో జాన్ పాల్ 2 ఫోర్ట్ సింప్సన్ అనే ఉత్తరాది గిరిజన ఊరికి బయలుదేరారు. వేలమంది గుడారాలు వేసుకుని ఎదురుచూశారు. పొగమంచు కమ్మి విమానం దిగలేకపోయింది. మళ్లీ వస్తానని మాటిచ్చారు. 1987 సెప్టెంబర్ 20న, ఆ ఒక్క ఊరి కోసమే అంత దూరం మళ్లీ వెళ్లారు. మాట ఇస్తే నిలబెట్టుకోవాలి. అది మన తాండా పెద్దలు మనకు నేర్పిన పద్ధతి కూడా.

తమ్ముళ్లూ, చెల్లెళ్లూ, ఇప్పుడు మన సంగతికి వస్తాను.

మనమూ తిరిగిన జాతే. రైలు రాకముందు ఎడ్ల మీద ఉప్పు, ధాన్యం వేసుకుని దేశం ఆ చివర నుంచి ఈ చివరికి లదేణీ చేసినవాళ్లు మన పూర్వీకులు. తర్వాత 1871లో బ్రిటిష్‌వాళ్లు నేరస్థ జాతుల చట్టం తెచ్చారు. దాని కింద చాలా ప్రాంతాల్లో మన లంబాడీల పేరు కూడా రాశారు. పుట్టుకతోనే దొంగ అనే ముద్ర. 1952 ఆగస్టు 31న ఆ ముద్ర పోయింది. ఈ రెండు తేదీలు ఇక్కడున్న మీలో ఎంతమందికి తెలుసు? చేతులెత్తమని అడగను. నాకే ఉద్యోగంలో చేరాక తెలిసింది.

నేను చిన్నప్పుడు హాస్టల్లో చదివాను. ఏ ఊరి హాస్టలో చెప్పను, అవసరం లేదు. అక్కడ గోర్‌బోలి మాట్లాడితే మోకాళ్ల మీద నిలబెట్టేవాళ్లు. కెనడాలో జరిగినదీ ఇదీ ఒకటని నేను అనను. అక్కడ పిల్లల్ని గుంజుకుపోయారు. నన్ను మా బాపు కంది చేను మీద అప్పు చేసి, చదువుకోమని పంపాడు. ఆ హాస్టల్ అన్నం తినే నేను మాస్టారునయ్యాను. కానీ ఆ మోకాళ్ల మీద నిలబడ్డ పిల్లవాడు ఒకటి నిర్ణయించుకున్నాడు, నా పిల్లలకు ఈ భాష వద్దు అని. నేర్పలేదు. ఇంట్లో తెలుగు, కొద్దిగా ఇంగ్లీషు.

మా యాడి చివరి రోజుల్లో మంచాన పడింది. పెద్దతనంలో తెలుగు మరిచిపోయింది. గోర్‌బోలిలోనే ఏదేదో చెప్పేది. నా మనవరాలు పక్కన కూర్చుని చేయి పట్టుకునేది, కానీ ఒక్క ముక్క అర్థమయ్యేది కాదు. "తాతా, ముసలమ్మ ఏమంటోంది?" అని నన్ను అడిగేది. నేను తర్జుమా చేసేవాణ్ణి. ఒకే ఇంట్లో, ఒకే రక్తం మధ్య నేను దుబాసీ పని చేశాను. ఆ తప్పు హాస్టల్ వాళ్ల మీద వేయలేను. నాదే. అందుకే ఈ వేదిక మీద నుంచి నా మనవరాలికి క్షమాపణ చెబుతున్నాను. ఆమె ఆ మూల కూర్చుని ఉంది.

మన గోర్‌బోలికి సొంత లిపి లేదు. ఇక్కడ తెలుగులో రాస్తాం, సరిహద్దు దాటి చించోళి, సేడం వైపు వెళితే కన్నడలో రాస్తారు, మహారాష్ట్రలో దేవనాగరిలో రాస్తారు. రాజ్యాంగం ఎనిమిదో షెడ్యూల్లో దానికి ఇంకా చోటు లేదు. చోటు కోసం అడగాలి, తప్పకుండా అడగాలి. కానీ ఇంట్లో మాట్లాడకుండా ఢిల్లీలో అడిగితే ఎవరు వింటారు?

కాబట్టి మీకు మూడు పనులు అప్పగిస్తున్నాను. ఒకటి, ఈ వారంలోనే మీ తాండాలో పెద్ద వయసున్న ఒక అవ్వ దగ్గరో తాత దగ్గరో కూర్చుని, మీ ఫోన్లో గంటసేపు వాళ్ల మాటలు రికార్డు చేయండి. నాపరాయి గనుల్లో చేసిన పని, బొంబాయి, పూణె వలసలు, తీజ్ పాటలు, కరువు రోజులు, ఏదైనా సరే. పేరు, తాండా, తేదీ చెప్పించండి. ఆరున్నర వేల మంది మాటలు ఒక్కొక్కటిగా పోగుపడ్డాకే పోప్ విమానం ఎక్కారు. రెండు, ఇంట్లో రోజుకు ఒక పూట గోర్‌బోలిలోనే మాట్లాడండి. తప్పులొస్తే రానివ్వండి. మూడు, చదువు ఆపకండి. రాయలసీమలో పేద దళిత కుటుంబంలో పుట్టిన పూల ఆంథోనీ హైదరాబాద్ ఆర్చ్‌బిషప్ అయ్యారు. కెనడా యాత్ర ముగిసిన నెల రోజుల్లోపే, 2022 ఆగస్టు 27న, ఫ్రాన్సిస్ ఆయన్ను కార్డినల్ చేశారు. తెలుగువాళ్లలో మొదటివారు. 2025 మే నెలలో కొత్త పోప్‌ను ఎన్నుకున్నవాళ్లలో ఆయన ఒకరు. మీ దారి చర్చి వైపే ఉండనక్కర్లేదు. కలెక్టరేటు వైపు, కోర్టు వైపు, యూనివర్సిటీ వైపు, ఎటైనా వెళ్లండి. కానీ వెళ్లినచోట తాండా పేరు దాచుకోకండి.

పెద్దవాళ్లు మన దగ్గరకు వస్తారని ఎదురుచూస్తే పొగమంచు అడ్డం వచ్చినా రావచ్చు. మన మాట మనం దాచి ఉంచుకుంటే, ఎవరు ఎప్పుడు వచ్చినా చెప్పడానికి ఏదో ఒకటి ఉంటుంది.

వచ్చే జయంతికి నా మనవరాలు ఈ వేదిక మీద గోర్‌బోలిలో రెండు నిమిషాలు మాట్లాడుతుంది. నేను మాటిచ్చాను, ఆమె ఒప్పుకుంది. మీలో ఇంకెవరు మాట్లాడతారో భోజనాల దగ్గర వచ్చి నాతో చెప్పండి, పేరు రాసుకుంటాను.

జై సేవాలాల్. జై గోర్. రామ్ రామ్.