ఛోటా భీమ్‌కు ప్రాణం పోసిన చేయి

లడ్డూ తినగానే బలం పుంజుకునే కార్టూన్ బాలుడు ఛోటా భీమ్ తెలియని పిల్లలు మన హనుమకొండలో అరుదు. ఆ భీముణ్ని సృష్టించిన రాజీవ్ చిలక స్టూడియో మన హైదరాబాద్‌లోనే ఉంది.

ఆయన అమెరికాలో కంప్యూటర్ సైన్స్ చదివారు. సాఫ్ట్‌వేర్ ఉద్యోగం వదిలి, శాన్‌ఫ్రాన్సిస్కోలో యానిమేషన్ నేర్చుకున్నారు. 2001లో గ్రీన్ గోల్డ్ సంస్థను స్థాపించారు. 2008లో పోగో ఛానల్లో మొదలైన ఛోటా భీమ్, 2012లో వెండితెరకెక్కాడు. అదే కథను 2024లో నటీనటులతో సినిమాగా తీసి, దర్శకత్వమూ వహించారు రాజీవ్.

2019లో నెట్‌ఫ్లిక్స్‌లో వచ్చిన 'మైటీ లిటిల్ భీమ్' చూడండి. అందులో భీముడు ఇంకా మాటలు రాని పసివాడు. పాకుతూ మిఠాయి వెంటపడతాడు. సంభాషణలుండవు, కళ్లు, చేతులు, చప్పుళ్లే కథ నడిపిస్తాయి. అందుకే ఏ భాష పిల్లలకైనా ఇట్టే అర్థమవుతుంది.

బొమ్మలతో కథ చెప్పడం మనకు కొత్తేమీ కాదు. ఒకప్పటి మన వరంగల్ జిల్లాలోని చేర్యాల నకాషీ కళాకారులు వేసిన పటాలను విప్పుతూ, ఒక్కో బొమ్మ చూపిస్తూ కథకులు ఊరూరా కథలు చెప్పేవారు. ఆ వారసత్వం మనది.

మీ పిల్లలు నోటుబుక్కు అంచున బొమ్మలు గీస్తుంటే కసురుకోకండి. ఇంకో కాగితం ఇవ్వండి, ఆ బొమ్మ కథేమిటో అడగండి.