మై సెట్టర్లింగ్: నటి, దర్శకురాలు

స్వీడన్ దేశమున 1925లో శ్రామిక కుటుంబమున జన్మించిన మై సెట్టర్లింగ్, ఇంగ్మార్ బెర్గ్‌మన్ రచించిన ‘హెట్స్’ చిత్రమున 1944లో నటించి ప్రఖ్యాతి నొందెను. పిదప ఇంగ్లండున 1947లో ‘ఫ్రీడా’ యందు కథానాయిక యయ్యెను. కాని నటనతోనే ఆమె తృప్తి చెందలేదు. ఆగ్నెస్ ఫాన్ క్రూసెన్‌షెర్నా నవలల ననుసరించి 1964లో ‘ప్రేమించు జంటలు’ అను చిత్రమునకు దర్శకత్వము వహించెను.

1968లో తీసిన ‘యువతులు’ చిత్రమున ముగ్గురు నటీమణులు ప్రాచీన గ్రీకు నాటకము నాడుచు ఊరూర తిరుగుదురు. యుద్ధము మాన్పుటకై స్త్రీలు భర్తలకు దూరమగుట ఆ నాటకకథ. దానిని ప్రదర్శించుచు, తమ సంసారములలోని వెలితిని వారు గ్రహింతురు. విమర్శకులు ఆ చిత్రమును నిరసించిరి. ఆమె తిరిగి స్వీడన్‌లో కథాచిత్రము తీయుటకు 1986 వరకు వేచియుండవలసివచ్చెను. అప్పుడును ఆమె యెన్నుకొన్నది ఆ నవలాకర్త్రి జీవితమునే!

1994లో ఆమె మరణించెను. నాడు త్రోసివేసిన ‘యువతులు’ చిత్రమును తరువాతి తరము ఆదరించినది. బీరువాలో మరుగుపడిన మంచి గ్రంథమునకును ఒకనాడు చదువరి లభించును. అందాక దానిని భద్రపరచుటయే గ్రంథాలయ ధర్మము.