మారని నియమములు, మారిన యెత్తులు



రాత్రి చదరంగము ముగించి పరుండినవానితో, తెల్లవారగనే “ఇకమీదట గుఱ్ఱము వేఱొక రీతిని నడచును” అని యెవరైన చెప్పిన నెట్లుండును? కంప్యూటరుపై నాడెడి యుద్ధక్రీడలలో నిది వాడుకయే. నిర్మాతలు లోపములు దిద్దుచు, పక్షముల బలాబలములను సరిచేయుచు పంపెడి సవరణకు ప్యాచి యని పేరు. అట్టి పాత సవరణ యొకటి నేటికిని ఆటగాండ్ర నేల యాకర్షించుచున్నదో మనవి చేసెదను.

ఆ యాట స్టార్‌క్రాఫ్ట్. 1998లో అమెరికాయందలి బ్లిజార్డు సంస్థవారు దీనిని వెలువరించిరి. ఆ యేటి చివరనే బ్రూడ్‌వార్ అను అనుబంధము వచ్చెను. దీనికి మిక్కిలి కీర్తి దక్షిణ కొరియాలో లభించినది. అచ్చట జీతములు గొని యాడువా రేర్పడిరి. పోటీలు టెలివిజనులో ప్రసారమయ్యెను. ఇందు టెర్రనులు, జెర్గులు, ప్రోటాసులు అను మూడు జాతులవారు పోరాడుదురు. 2001లో వచ్చిన 1.08 అను సవరణ, జెర్గుల మొదటి సైన్యాగారపు వెలను 150 నుండి 200కు పెంచెను. ప్రోటాసుల తుపాను దెబ్బను 128 నుండి 112కు తగ్గించెను. అటుపిమ్మట బలాబలముల జోలికి నిర్మాతలు పోలేదు.

విద్యార్థిదశలో నేనును ఈ యాట నభ్యసించితిని. ఒక్కమారు 12 మందికి మించి సైనికుల నెన్నుకొనుటకు వీలులేదు. డ్రాగూను అను యంత్రభటుడు ఇరుకుదారిలో తడబడును. ఓడినప్పుడెల్ల “దీనిని దిద్దరేల?” యని విసుగుకొనెడివాడను. నా చేతులకు నేర్పు చాలలేదని యొప్పుకొనుటకు చాలకాలము పట్టినది.

నా కనులు తెఱపించిన ముచ్చట యొకటి కలదు. జెర్గుల యెదుట ప్రోటాసులు నిలువలేరని పలువురు నమ్మిన కాలమది. 2007 మార్చిలో కిమ్ తేక్‌యాంగ్ అను యువకుడు, ప్రోటాసులతో నాటి జెర్గు మేటిని అంతిమపోటీలో వరుసగా మూడాటలు గెలిచి యోడించెను. నియమములలో నొక్క యంకెయైనను మారలేదు, మారినది ఆలోచన. ముందే యెవరైన జాలిపడి ప్రోటాసుల బలము పెంచియుండినచో, ఆ యాలోచనకు అవసరమే కలుగకుండెడిది గదా!

పాతదెల్ల మేలని నా వాదము కాదు. 1.08 కూడ ఒకనాటి క్రొత్త సవరణయే. కొరియావారును ఊరకుండలేదు, ఒక జాతికి అన్యాయము తోచినప్పుడు యుద్ధభూమి పటములను మార్చుచు వచ్చిరి. అనగా క్రీడాస్థలమును మార్చిరి గాని భటుల స్వభావమును మార్చలేదు. 2017లో నిర్మాతలే బొమ్మలకు క్రొత్త మెఱుగులు దిద్ది మరల వెలువరించినప్పుడు, ఆ 12 మంది హద్దును సైతము తాకక విడిచిరి.

సంవత్సరముల తరబడి చేతులు నేర్చిన విద్య ఒక్క సవరణతో వ్యర్థము కాదను నమ్మకము కలిగిననే మనుజుడు లోతునకు దిగును. పాత ప్యాచియం దాటగాండ్రకు దొరకిన ధనము ఆ నమ్మకమే. ఓడినవాడు నియమమును నిందించుటకు ముందు తన యెత్తును మరియొకసారి పరీక్షించుకొనుట మంచిదని, నా యోటములు నేర్పిన పాఠముగా విన్నవించి సెలవు గైకొనుచున్నాను.